బాయిలో బాయి సాబ్

దీపం పెట్టడానికి అగ్గిపుల్ల గీసే ముందు ఇప్పటికీ నా కళ్లు కుడివైపు గోడ మీదికి పోతాయి. మొన్న కోడలు అడగనే అడిగింది, "ఏంది అత్తమ్మా, దేవుణ్ణి ఇడిసిపెట్టి గోడను మొక్కుతున్నవా?" అని. ఇప్పుడు మేముంటున్నది అపార్టుమెంటు. ఆ గోడ అవతల పక్కింటివాళ్ల ఫ్రిజ్ తప్ప ఇంకేమీ లేదు. ఆ సంగతి నాకు తెలుసు, నా చేతికి తెలియదు. పుల్ల పట్టుకుని ఒక క్షణం ఆగుతుంది. అలా ఆగడం దానికి నేర్పినాయన పోయి చాలా ఏళ్లయింది.

ఆయన పాతబస్తీ శాలిబండలో మేము అద్దెకున్న ఇంటి ఓనరు. అప్పటికి మా ఆయనకు బస్సు డిపోలో మెకానిక్ పని, నాకు దగ్గర్లోనే చిన్నపిల్లల బడిలో టీచరు ఉద్యోగం, చంకలో చంటిపిల్ల. ఇల్లు చూడ్డానికి వెళితే ఆయన మా కులం అడగలేదు, ఊరు అడగలేదు, చుట్టాలు ఎక్కువగా వస్తారా అనీ అడగలేదు.

"పొయ్యి ఎటు పెడ్తరు?" అన్నాడు.

నేను కుడివైపు గోడ చూపించాను. ఆయన ముఖంలో నెత్తురు చుక్క లేదు.

"గటు వద్దు బిడ్డా. గా గోడవతల నా అర్ర ఉన్నది. ఎడమకు పెట్టుకో. మీ ఆయన బీడీ తాగుతడా?"

"తాగుత గని, ఇంట్ల తాగ," అన్నాడు మా ఆయన.

"గల్లీల గూడ తాగకు నాయనా. సడక్ మీద తాగిరా."

ఈయన ఇల్లు అద్దెకిస్తున్నాడా, మందుగుండు కార్ఖానా నడుపుతున్నాడా అనుకున్నాను. ఆ రెండో మాటే నిజానికి దగ్గరని తర్వాత తెలిసింది. నీళ్లున్న బావి, నీడున్న వాకిలి చూసి ఆ ఇంట్లోనే దిగాం. ఆయనను పెద్దబాపు అని పిలవడం మొదలుపెట్టాను.

పొడుగు మనిషి. తక్కువ ఎత్తు దర్వాజాల్లో వంగి వంగి నడుం అలాగే ఉండిపోయింది. వేళ్ల చివర్లు కాయలు కాసి రాయిలా ఉండేవి. దేన్నీ అరచేత్తో ముట్టుకునేవాడు కాదు. చెయ్యి తిరగేసి వెనకవైపుతో తాకేవాడు. కిటికీ ఊచను అలాగే తాకేవాడు, గోడను అలాగే తాకేవాడు, మా పిల్ల నుదురూ అలాగే. "లోపలి చెయ్యి మొద్దువారింది బిడ్డా, దానికి వేడి తెల్వది," అనేవాడు. తాకింది చల్లగా ఉంటే "సల్లగుండు" అనేవాడు. మనుషుల్ని దీవించే మాట అది. ఆయన దాన్ని గోడకూ అనేవాడు, పిల్లకూ అనేవాడు.

ఆయన అర్రలో దేవుడికి దీపం లేదు, ఊదుబత్తి లేదు. నాలుగు పూలు, చెంచాడు పాలు, ఒక దండం. దీపం లేని పూజేందని ఎదురింటి అవ్వ దెప్పితే, "నా దేవునికి చీకట్ల గూడ మంచిగనే కండ్లు కనవడ్తయి," అన్నాడు. ఇక దీపావళి వస్తోందంటే ఆయనకు అన్నం సయించేది కాదు. గల్లీలో పిల్లలందరినీ పోగుచేసి, చేతుల్లో పాలకోవా పెట్టి, "పక్క గల్లీల కాల్చుకోండ్రి, ఆడ సప్పుడు మంచిగొస్తది," అని బతిమాలేవాడు. పక్క గల్లీవాళ్లు ఊరుకుంటారా. వాళ్ల పిల్లల్ని మా గల్లీకి తోలేవాళ్లు. ఆ పూటంతా ఆయన తడి గోనెసంచి భుజాన వేసుకుని వాకిట్లోనే తిరిగేవాడు.

వాళ్లది తాతల నాటి నుంచి పాడి ఇల్లు. మేము వచ్చేసరికి కొట్టంలో ఒక్క బర్రె లేదు. ఎందుకు అమ్మేశావంటే, "ఎండుగడ్డి," అన్నాడు. ఇంకేమీ చెప్పలేదు.

నాకు విచిత్రంగా తోచింది మాత్రం బావి విషయం. ఎండలు ముదిరిన కొద్దీ ఆయన, "బాయిని ఒక్కసారి సూసొస్త," అని లేచేవాడు. కాసేపటికి మళ్లీ లేచేవాడు. "బాయికి ఇయ్యాల మస్తు ఉడుకపోస్తున్నది," అని దిగులుపడేవాడు. మా వైపు బావిని బాయి అనే అంటాం కదా, అందుకని నేను మా ఆయనతో, "పెద్దబాపుకు తలకాయ తిరిగినట్టున్నది. బాయికి ఉడుకపోస్తదా ఏడనన్న?" అన్నాను.

ఒక మధ్యాహ్నం బడి నుంచి వచ్చేసరికి ఆయన బావి తాడు లాగుతున్నాడు. బొక్కెన రాలేదు, మూత బిగించిన పాల క్యాన్ వచ్చింది. పాలవాళ్ల ఇళ్లలో అది మామూలే. ఎండాకాలం పాలు విరగకుండా క్యాన్లను నీళ్లకు పైన తాడుతో వేలాడదీస్తారు. బర్రె లేని ఇంట్లో పాలెక్కడివని అడగకుండా నేను గిన్నె పట్టుకుని వెళ్లాను.

"పావుసేరు పాలు పొయ్యి పెద్దబాపు."

ఆయన చేతులు తుడుచుకున్నాడు. "పాలు గావు బిడ్డా," అన్నాడు. "బాయి సాబ్."

మూత తీశాడు. లోపల జొన్నరొట్టె అంత వెడల్పు రేకు డబ్బా, అందులో నల్లటి ఫిల్ము చుట్ట. దాని కొసను జానెడు లాగి వెలుతురుకు పట్టాడు. గోరంత బొమ్మల్లో, పరుపు మీద కూర్చున్న ఒక ఆడమనిషి. చెవి మీద చెయ్యి.

ఆ రోజు తెలిసింది సంగతంతా. నిజాం జమానాలో ఆ గల్లీ చివర ఒక నవాబుసాబు దేవిడీ ఉండేది, పెద్ద భవంతి. దానికి ఈయన పాలు పోసేవాడు. పాలు పోసే పిల్లవాడి వేళ్లలో తాళం ఉందని కనిపెట్టి ఢోలక్ చేతికిచ్చింది అక్కడ పాడే బాయి సాబ్. పాటకత్తెలను అక్కడ బాయి అనే పిలిచేవారట. ఆమె పాడితే వినడానికి చార్మినార్ నుంచి జనం నడిచి వచ్చి దేవిడీ గోడ అవతల నిలబడేవారట. గ్రామఫోను ప్లేట్లకు పాడమని వచ్చినవాళ్లతో, "మీ ప్లేటు అయిపోయేలోపల నాకు గొంతు సవరించుకోవడమే సరిపోతుంది," అని పంపించేసిందట. అందువల్ల ఆమె గొంతు ఎక్కడా లేదు. ఫోటో అయినా లేదు. నవాబుసాబుకు విలాయతీ కెమెరా పిచ్చి ఉండేది కాబట్టి ఒక మెహఫిల్‌లో ఆమె పాడుతుండగా తీసిన రెండు చుట్టలు మిగిలాయి. ఆ కెమెరాకు శబ్దం పట్టదు. తర్వాత కొద్దికాలానికే ఆమె పోయింది. దేవిడీ అమ్ముడుపోయి, సామాను సడక్ మీదికి వచ్చినప్పుడు ఈయన పాల సైకిలు మీద ఆ రెంటినీ ఇంటికి తెచ్చుకున్నాడు.

"రెండోదేది?" అన్నాను.

గూట్లోంచి ఇంకో చుట్ట తీశాడు. గాజు ముక్కలా తెల్లగా ఉంది. కొస ఎత్తి పట్టుకుని, వేలితో చూపిస్తూ, "గిక్కడ నవ్వుతది సూడు. గిక్కడ పాన్‌దాన్ డబ్బా అందుకుంటది. గిక్కడ నా దిక్కు తిరిగి, మెల్లగ వాయించమంటది," అన్నాడు. నాకేమీ కనిపించలేదు. కనిపించడానికి అందులో ఏమీ లేదు.

దాని మీద బూజు పట్టిందట. ఫోటో స్టూడియోలో రీలు కడిగితే బొమ్మ వస్తుందని అందరం అనుకునే మాటే కదా. ఈయనా కడిగేవాడి కోసం వెతికాడు. ఎవరో ఒక కార్ఖానా చూపించారు. అక్కడ కూడా ఫిల్ము కడుగుతారు. కానీ వాళ్లు కడిగేది పాత సినిమా రీళ్లమీది మందునంతా తీసేసి, ఉత్త రేకును తళుకులకూ గాజుల అతుకులకూ అమ్ముకోవడానికి. ఒకరి దగ్గర కడిగితే బొమ్మ వస్తుంది, ఇంకొకరి దగ్గర కడిగితే బొమ్మ పోతుంది. రెంటికీ మాట ఒక్కటే.

"మంచిగ కడుగు భాయ్, ఒక్క మరక ఉండొద్దు అని చెప్పిన," అన్నాడు పెద్దబాపు. "ఇమాందారు మనిషి. ఒక్క మరక ఉంచలే."

నాకు నవ్వొచ్చింది. ఆయన ముఖం చూసి కొంగు అడ్డం పెట్టుకున్నాను.

తర్వాత ఆయన నన్ను అగ్గిపెట్టె తెమ్మన్నాడు. ఆ నోటి నుంచి ఆ మాట వినడమే వింత. తెల్ల చుట్టలోంచి చిన్న ముక్క కత్తిరించి, గట్టిగా చుట్టి, పట్టకారుతో పట్టుకుని వాకిలి నడిమధ్యకు పోయాడు. పక్కన నీళ్ల పళ్లెం. అంటించగానే అది భగ్గుమంది. వెంటనే నీళ్లలో ముంచాడు. ఆరలేదు. నీళ్ల అడుగున బుడబుడమంటూ, పచ్చటి పొగ కక్కుతూ మండుతూనే ఉంది. నేను పిల్లను రొమ్ముకు అదుముకుని వెనక్కి పోతూ పోతూ గోడకు తగిలాను.

"దీనికి నీళ్లన్న గూడ భయం లేదు బిడ్డా. ముసల్దైతే ఎండకు దానంతట అదే అంటుకుంటదట. నేనైతే సూడలే. సూడకుంటనే పోవాలె."

"గసుంటిది ఇంట్లెందుకు పెద్దబాపు? పారెయ్యరాదు?"

"పారేస్తే ఆమె ఇంకేడున్నది?"

"పాట గూడ వినరాదు గద."

"పాట చేతులల్ల ఉంటది. ఆమె చేతులు సూస్తే నాకు వినవస్తది."

ఆ రోజు నుంచి నాకు భయం పట్టుకుంది. అందరికీ రాత్రంటే భయం, నాకు మధ్యాహ్నమంటే భయం. బడిలో పిల్లల చేత ఎక్కాలు చెప్పిస్తూ కిటికీలోంచి ఎండ చూసేదాన్ని. ఎక్కడ పొగ లేచినా ఎక్కం మధ్యలో వదిలి గుమ్మం దాకా పోయేదాన్ని. నేను బడికి పోతే నా పిల్లను చూసుకునేది ఆయనే మరి. పిల్ల ఉయ్యాల వాకిట్లో, ఉయ్యాలకు ఎదురుగా బావి, బావిలో ఆ క్యాన్. మా ఆయన కిషన్‌బాగ్ దాకా తిరిగి ఇళ్లు చూశాడు. దొరకలేదు. నాకు పెద్దబాపు మీద కోపం వచ్చేది. ఆయన పిల్లను ఆడిస్తుంటే ఆ కోపం పోయేది, భయం మాత్రం పోయేది కాదు.

ఆ వేసవిలోనే పాతబస్తీలో కర్ఫ్యూ పెట్టారు. మా ఆయన డిపోలో చిక్కుకుపోయాడు. గల్లీలో మనిషి అలికిడి లేదు. ఎండ నిప్పులు చెరుగుతోంది, బావిలో నీళ్లు అడుగంటాయి. మిట్టమధ్యాహ్నం పెద్దబాపు తాడు లాగాడు. క్యాన్ మూత ఉబ్బినట్టుంది. కొంచెం వదులు చేయగానే వాసన వచ్చింది. పుల్లగా, ముక్కు మండేట్టు, చెమటకు నానిన మేజోళ్ల కంపు. ఆయన చెయ్యి తిరగేసి క్యాన్‌కు ఆనించి చటుక్కున తీసేశాడు. సల్లగుండు అనలేదు.

ఆయన ఆ మాట అనకపోవడం నేను వినడం అదే మొదటిసారి.

"బిడ్డా, పిల్లనెత్తుకుని బయటికి నడువు," అన్నాడు.

"బయట కర్ఫ్యూ పెద్దబాపు."

"నడువు."

నేను దర్వాజా తీసి గడప మీద నిలబడ్డాను. గల్లీ మొదట్లో తుపాకీలతో జవాన్లు. ఒకతను నన్ను చూసి లోపలికి పొమ్మని చెయ్యి ఊపాడు. వెనక్కి తిరిగితే వాకిట్లో ఆ క్యాన్. లోపలికి ఒక్క అడుగు వేయలేను, బయటికి ఒక్క అడుగు వేయలేను. పిల్ల గుక్కపట్టి ఏడుస్తోంది. అతను మళ్లీ అరిచాడు. ఏ దేవుడికి మొక్కాలో కూడా తోచలేదు.

పెద్దబాపు క్యాన్‌ను గోడ నీడకు జరిపి, దాని పక్కనే చతికిలపడి చేటతో విసరడం మొదలుపెట్టాడు. "సల్లగుండు బాయి సాబ్, సల్లగుండు," అంటున్నాడు. జ్వరం పట్టిన బిడ్డ పక్కన తల్లి కూర్చున్నట్టు కూర్చున్నాడు. అది అంటుకుంటే మొదట పోయేది తానేనని ఆయనకు తెలుసు. అందుకే మరీ దగ్గరగా కూర్చున్నాడనిపించింది, మాకూ దానికీ మధ్య. గోడ నీడ వాకిలంతా పరుచుకునేదాకా అలా విసురుతూనే ఉన్నాడు. అప్పుడు చెయ్యి తిరగేసి ముట్టుకుని, నా వైపు చూసి తల ఊపాడు. నేను పిల్లతో లోపలికి వచ్చి దర్వాజా వేశాను.

కర్ఫ్యూ సడలించిన రోజే మా బడి పెద్ద టీచరమ్మ దగ్గరికి పరుగెత్తాను. ఆమె తమ్ముడు పాత ఫిల్ములు భద్రపరిచే సర్కారు ఆఫీసులో పని చేస్తాడని విన్నాను. సంగీతం మీద ప్రేమతో పోయానంటే అబద్ధం. నా పిల్ల పక్క నుంచి ఆ క్యాన్ పోవాలి, అంతే.

అతను మర్నాడే వచ్చాడు. నెమ్మదస్తుడు. క్యాన్ చూసి, మూత చూసి, "ఇలా గాలి తగలకుండా మూసేస్తే దాని ఆవిరే దాన్ని తినేస్తుంది. బావి తేమకు జిగురైపోయింది. ఇది పాలు కాదు కదండీ," అన్నాడు.

పెద్దబాపు తల వంచుకున్నాడు. "మా ఇంట్ల ఏది ఖరాబ్ గావద్దన్నా బాయిలనే పెడ్తం సారు. ఇంకో ఉపాయం మాకు తెల్వది."

"ఇంకో వేసవికి ఇది ఉండదు. ఇప్పుడైతే చాలావరకు దక్కుతుంది. తీసుకెళ్లి, వాష్ చేసి, కాలని కొత్త ఫిల్ము మీదికి ఎక్కిస్తాం."

"వాష్ అంటే?"

"అంటే శుభ్రంగా కడిగి..."

పెద్దబాపు మూత పెట్టేశాడు. క్యాన్‌ను ఒళ్లోకి తీసుకుని రెండు చేతులూ చుట్టేశాడు. అతను ఎన్ని చెప్పినా వదల్లేదు. కళ్లు మాత్రం గూట్లోని తెల్ల చుట్ట మీద ఉన్నాయి.

నాకు ఒళ్లు మండింది. అంతలోనే భయం వేసింది. అతను విసుగొచ్చి వెళ్లిపోతే ఈ క్యాన్ మళ్లీ బావిలోకే పోతుంది. అతన్ని పక్కకు పిలిచి, "సార్, ఆ కడుగుడు మాట అనకుండ్రి," అని తెల్ల చుట్ట సంగతి చెప్పాను. తర్వాత వచ్చి పెద్దబాపు ఎదురుగా కూర్చున్నాను.

"కడగరు పెద్దబాపు. తానం పోస్తరు."

ఆయన తలెత్తాడు.

"రోజు నీ ముందటనే నా పిల్లను కాళ్ల మీదేసుకుని తానం పోస్త గద. దాని రంగేమన్న పోయిందా?"

ఆయన పిల్లను చూశాడు. చాలాసేపు, నిజంగానే రంగు పోయిందేమో వెతుకుతున్నట్టు చూశాడు. "పోలే," అన్నాడు. అప్పుడు అతని వైపు తిరిగి, "తానమేనా సారు?" అని అడిగాడు.

"తానమే. మెత్తటి బట్టతో."

"మరకలుంటే?"

"ఉంటే ఉండనిద్దాం."

ఆ మాటకు పెద్దబాపు చేతులు వదులయ్యాయి. అదీ కాలే ఫిల్మే కాబట్టి తెల్ల చుట్టను కూడా తీసుకెళతామన్నాడు అతను. బొమ్మలున్న చుట్టను ఇచ్చేటప్పుడు ఆయన ఏడవలేదు. ఏమీ లేని చుట్టను ఇచ్చేటప్పుడు ఏడ్చాడు.

చలికాలంలో కబురు వచ్చింది, కొత్త ఫిల్ము తయారైంది, వచ్చి చూడమని. ఆయన బతికుండగా దాన్ని వేయడం ఆ ఒక్కసారే. నేను పిల్లనెత్తుకుని బయల్దేరాను. ఆయన ఉతికిన ధోతీ కట్టుకుని, నీళ్ల బకెటు, అందులో ముంచిన గోనెసంచి పట్టుకుని రిక్షా ఎక్కాడు. నీళ్లకు ఆరదని నాకు చూపించినాయనే. దారిపొడవునా నా కాళ్ల మీద నీళ్లు ఒలుకుతూనే ఉన్నాయి, నేను ఏమీ అనలేదు.

చిన్న గది, నాలుగు కుర్చీలు, గోడకు తెల్లబట్ట, వెనక యంత్రం. ఇది కాలని ఫిల్మని అతను మరీ మరీ చెప్పాడు. "మంచిది సారు, మంచిది," అన్నాడు పెద్దబాపు. పోయి యంత్రం పక్కనే నిలబడ్డాడు, బకెటు ముందు పెట్టుకుని. కర్టెన్లు వేశారు. బల్బు వెలిగింది.

తెల్లబట్ట మీద ఆమె కదిలింది.

వయసు మళ్లిన మనిషి, ముక్కుకు పెద్ద నత్తు, బుగ్గలో పాన్. అక్కడక్కడ మరకలు ఆమె ముఖం మీదుగా మబ్బుల్లా పోతున్నాయి. నోరు తెరిచింది, శబ్దం లేదు. ఎడమ చెయ్యి చెవి మీదికి పోయింది, కుడి చెయ్యి గాల్లో ఏదో అల్లుతోంది. ఆమె వెనక సన్నటి కుర్రవాడు ఒళ్లో ఢోలక్ పెట్టుకుని, రెప్ప వేయకుండా ఆమె చేతినే చూస్తున్నాడు. ఆ పొడుగు వేళ్లు నేను రోజూ చూసేవే.

నేను వెనక్కి తిరిగాను. పెద్దబాపు తెల్లబట్టకు వీపు పెట్టి నిలబడి ఉన్నాడు. రెండు కళ్లూ బల్బు మీదే. చేతిలో తడి గోనెసంచి.

"పెద్దబాపు, ఇటు తిరుగు. బాయి సాబ్ పాడుతున్నది. నువ్వు గూడ ఉన్నవు."

"నేనటు సూస్తే ఇటెవరు సూస్తరు బిడ్డా?"

"ఇది అంటుకోదట. సార్ చెప్పిండు గద."

"చెప్పిండు," అన్నాడు. కదల్లేదు. కాసేపటికి గొంతు తగ్గించి, "ఏడిదాక వచ్చింది? చెయ్యి ఏడున్నది?" అని అడిగాడు.

నాకు ఏడుపొచ్చింది. ఆపుకుని చెప్పడం మొదలుపెట్టాను. చెవి మీద ఉంది. ఇప్పుడు తీసింది. నవ్వుతోంది. చెయ్యి పైకి పోతోంది, ఇంకా పైకి. ఆయన గోనెసంచి భుజాన వేసుకుని వంగి, బకెటు అంచు మీద వేళ్లు పెట్టాడు. మెల్లగా వాయించసాగాడు. కళ్లు యంత్రం మీది నుంచి తీయలేదు. నేను చెప్పడం మానేశాను, ఇక ఆయనకు నా మాటలు అక్కర్లేదని తెలిసింది. తెల్లబట్ట మీద ఆమె చెయ్యి మోకాలి మీదికి దిగిన క్షణాన్నే వెనక బకెటు మీద దెబ్బ పడింది. ఆమె తల ఊపింది. ఆఫీసతను కుర్చీలోంచి లేచి నిలబడ్డాడు. శబ్దం లేని ఆ ఫిల్ము చివరిదాకా అలాగే నడిచింది, ఒక్క దెబ్బ అటూ ఇటూ కాలేదు.

యంత్రం ఆగింది. కర్టెన్లు తీశారు. తెల్లబట్ట మీద ఏమీ లేదు. పెద్దబాపు అప్పుడు కూడా అటు తిరగలేదు. చెయ్యి తిరగేసి యంత్రం మీది ఫిల్ము చుట్టకు ఆనించి కాసేపు ఉంచాడు. వచ్చి, నా భుజం మీద నిద్రపోతున్న పిల్ల నుదుటి మీద ఆనించాడు.

"ఇద్దరు సల్లగున్నరు," అన్నాడు. "పా బిడ్డా, పోదాం."